సెకనుకు మూర: కెమెరా లేకుండా ఫిలిం మీదే సినిమా

సినిమా హాల్లో 35 మి.మీ. ఫిలిం సెకనుకు 24 ఫ్రేముల చొప్పున పరుగెత్తుతుంది. ఒక ఫ్రేము మొదలు నుంచి తర్వాతి ఫ్రేము మొదలు దాకా 19 మి.మీ. గుణిస్తే 456 మి.మీ., అంటే పద్దెనిమిది అంగుళాలు, అంటే మన మూర. నెల్లూరు ట్రంకు రోడ్డులో పూలమ్మే ఆమె మోచేతి నుంచి నడిమివేలి కొస దాకా కొలిచి తుంచి ఇచ్చే మల్లెదండ ఎంతో, తెర మీద ఒక్క సెకను బొమ్మ అంత. జానెడు అర సెకను. బెత్తెడు నాలుగు ఫ్రేములు. బారెడు నాలుగు సెకన్లు. కెమెరా లేకుండా, ఫిలిం మీదే గీకి, రంగేసి, అంటించి సినిమా చేసేదానికి ఈ లెక్క ఒక్కటి నోటికి వస్తే సగం పని అయినట్టే.

పద్ధతి కొత్తదేం కాదు. న్యూజిలాండ్‌లో పుట్టిన లెన్ లై 1935లో బ్రిటన్ తపాలా శాఖ ఫిలిం యూనిట్‌కు కెమెరా ముట్టకుండా, ఫిలిం మీద రంగులేసి ప్రకటన చేశాడు. నార్మన్ మెక్‌లారెన్ 1941లో కెనడా నేషనల్ ఫిలిం బోర్డులో చేరి ఇదే పనిని పాతికేళ్లకు పైగా సాగించాడు. అమెరికాలో స్టాన్ బ్రాకేజ్ 1963లో పురుగుల రెక్కలూ ఆకులూ టేపు మధ్య అతికించి మాత్‌లైట్ అనే బొమ్మ చేశాడు. మన దేశంలో ప్రభుత్వ చిత్రాల సంస్థ ఫిల్మ్స్ డివిజన్ 1948లో మొదలైంది. అసలు బొమ్మకు ముందు వాళ్ల చిన్న చిత్రం వేయడం అప్పట్లో హాళ్లకు తప్పనిసరిగా ఉండేది. అది మొదలవగానే జనం సోడాలకు బయటికి పోయేవాళ్లు గానీ, 1960ల్లో ప్రమోద్ పతి లాంటివాళ్లు ప్రయోగాలు చేసింది ఆ కాస్త నిడివిలోనే.

మొదటిసారికి ఇరవై మూరలు చాలు. ఇరవై సెకన్లు, ముప్పై అడుగులు, 480 ఫ్రేములు. తక్కువ అనిపిస్తుంది. ఫ్రేముకు ఒక నిమిషం పెట్టినా ఎనిమిది గంటల పని. అయిదు నిమిషాల సినిమాతో మొదలుపెట్టిన వాళ్లు మూడో రోజుకు సూది పారేస్తారు.

ఫిలిం సంపాదించడం

హాళ్లన్నీ డిజిటల్‌కు మారాక ప్రొజెక్షన్ గదుల్లో మిగిలిన ట్రైలర్లు, ప్రకటన రీళ్లు, రీలు మొదట్లో చివర్లో బొమ్మ లేకుండా వచ్చే నల్ల లీడరు, తెల్ల లీడరు పాత సామాను కొట్లకు చేరాయి. నెల్లూరులోనో ఒంగోలులోనో పాత హాలు ఆపరేటర్లుగా చేసినవాళ్లను అడిగితే ఎక్కడ దొరుకుతుందో చెబుతారు. మీకు కావలసింది పది మూరల నల్ల లీడరు, పది పన్నెండు మూరల ట్రైలరు ముక్కలు, ప్రాక్టీసుకు మరికొంత.

డబ్బా తెరవగానే పూర్తి సినిమా రీలు కనబడితే, అందులోనూ పాత తెలుగు బొమ్మ అయితే, దాని మీద సూది పెట్టకండి. ఆ ప్రింటు ఇంకెక్కడా లేకపోయి ఉండొచ్చు. పుణెలో 1964 నుంచి జాతీయ ఫిలిం ఆర్కైవ్ ఉంది, అక్కడికి రాయండి. మన గీతలకు ట్రైలర్లు చాలు.

తర్వాత చూడాల్సింది ఫిలిం దేంతో తయారైందో. 1950ల మొదటి దాకా వచ్చిన 35 మి.మీ. ఫిలిం నైట్రేటు కావచ్చు. అది అంటుకుంటే నీళ్లు పోసినా ఆరదు, ఎందుకంటే మండేదానికి కావలసిన ఆక్సిజన్ దాంట్లోనే ఉంటుంది. అంచున రంధ్రాల పక్కన సేఫ్టీ అని ఇంగ్లీషులో అచ్చు ఉందేమో చూడండి. లేకపోతే, పైగా పసుపు తిరిగి జిగటగా ఉంటే, ముట్టుకోకుండా మూత పెట్టేయండి. కాల్చి పరీక్ష చేయడం లాంటివి వద్దే వద్దు.

ఇక మిగిలేవి రెండు, ఎసిటేటు, పాలిస్టర్. రీలును పక్క నుంచి వెలుగుకు పెట్టి చూడండి. వెలుతురు పొరల గుండా మెరుస్తూ వస్తే పాలిస్టర్, మొద్దుగా నల్లగా ఉంటే ఎసిటేటు. 1990ల చివరి నుంచి వచ్చిన ప్రింట్లలో పాలిస్టరే ఎక్కువ. ఎసిటేటును చేత్తో చించొచ్చు, పాలిస్టర్ సాగుతుందే గానీ చిరగదు. గీకేదానికి రెండూ పనికొస్తాయి. తేడా అతుకు దగ్గర, అభ్రకం దగ్గర వస్తుంది, ఆ మాట తర్వాత. ఎసిటేటు డబ్బా తీయగానే వెనిగర్ వాసన ఘాటుగా కొడితే ఆ ఫిలిం చివికిపోతున్నట్టు. కోస్తా ఉక్కకు ఇది తొందరగా వస్తుంది, పక్క రీళ్లకూ అంటుకుంటుంది. వేరే డబ్బాలో పెట్టి ముందు దాన్నే వాడేయండి.

ఫిలింకు రెండు ముఖాలు. మెరిసేది బేసు. మసకగా ఉండేది ఎమల్షన్, అంటే జెలటిన్ పూత, బొమ్మ ఉండేది అందులోనే. తెలియకపోతే ఆపరేటర్ల పద్ధతి ఉంది: శుభ్రమైన ముక్క చివరను తడి పెదవికి తాకించండి, అంటుకున్నది ఎమల్షన్ వైపు.

మురికి ఉంటే మెత్తటి నూలుగుడ్డకు ఐసోప్రొపైల్ ఆల్కహాల్ అద్ది పొడుగునా ఒకే దిక్కుకు తుడవండి. గోళ్ల రంగు తుడిచే ద్రవం వాడొద్దు. దాంట్లో ఎసిటోన్ ఉంటే ఎసిటేటు బేసే కరిగి ముడుచుకుపోతుంది.

గాడి పలక

వడ్రంగి చేత ఒక పలక చేయించుకోండి. ఉదయగిరిలో చెక్క గరిటెలు, చెంచాలు చెక్కేవాళ్ల చేతికిస్తే ముచ్చటగా చేస్తారు గానీ, ఊరి వడ్రంగి చాలు. పొడవు రెండు మూరలు, వెడల్పు బెత్తెడు, నడుమ నిలువునా గాడి. గాడి వెడల్పు 35.5 మి.మీ., లోతు ఒక మి.మీ. ఫిలిం వెడల్పు 35 మి.మీ. కాబట్టి అర మి.మీ. వదులుంటే జారుతుంది, ఊగదు. గాడి మధ్యలో ఒక చోట 30 మి.మీ. వెడల్పు, జానెడు పొడవున చెక్కను ఆరపార కోసేయించి, కింద ఎల్‌ఈడీ బల్బు, మధ్యలో బటర్ పేపరు పెడితే అదే లైటు బల్ల.

ఫ్రేము గుర్తులు పెట్టే దగ్గరే చాలామంది దెబ్బతింటారు. స్కేలు పెట్టి 19, 19, 19 అంటూ గీసుకుంటూ పోతే ప్రతి గీతకూ పావు మి.మీ. తప్పినా ఇరవై నాలుగో ఫ్రేముకు ఆరు మి.మీ. తేడా వస్తుంది. అలా కాదు. ఫ్రేముకు ఒక్కో పక్క నాలుగు రంధ్రాలు, సెకనుకు 96. ఫిలింనే గాడిలో పరిచి 96 రంధ్రాలు లెక్కబెట్టి రెండు కొసల్లో గుర్తు పెట్టి, మధ్యలో ప్రతి నాలుగో రంధ్రం దగ్గర చిన్న గీత గీయండి. పాత ఎసిటేటు కాస్త కుంచించుకుపోయి ఉంటుంది, అందువల్ల ఏ రీలుకు ఆ రీలు సరిచూసుకోవాలి. స్కేలు అబద్ధమాడొచ్చు గానీ రంధ్రం ఆడదు.

ఫిలిం కదలకుండా గాడిలో రెండు మేకులు కావాలి. ప్రింటు రంధ్రం సుమారు 2.8 మి.మీ. వెడల్పు, 2 మి.మీ. ఎత్తు. సైకిల్ స్పోకు ముక్క సరిగ్గా రెండు మి.మీ. ఉంటుంది, ఆకురాయితో రెండు రుద్దులు రుద్దితే పడుతుంది. పలక పైకి ఒక మి.మీ. మాత్రమే లేచి ఉండాలి. ఎక్కువ లేస్తే ఫిలిం ఎత్తేటప్పుడు రంధ్రం చిరుగుతుంది.

తెర మీద ఏది కదులుతుంది, ఏది కదలదు

ఇది అర్థం కాకుండా సూది పట్టుకుంటే మూరలకు మూరలు వృథా. ఫిలిం పొడుగునా తిన్నగా ఒక గీత గీస్తే తెర మీద అది పైకో కిందికో పారుతుందని అందరూ అనుకుంటారు. పారదు. ప్రొజెక్టరు ఫిలింను జారవిడవదు. ఒక ఫ్రేము లాగి, ఆపి, వెలుగు చూపి, మళ్లీ లాగుతుంది. కాబట్టి నిలువు గీత నిలువు గీతగానే నిలబడి చిన్నగా వణుకుతుంది. ఆ వణుకు మీ చేతిది. అది బాగానే ఉంటుంది, దాన్ని దిద్దకండి.

బొమ్మలు నిటారుగా కనబడేలా ఫిలింను పట్టుకుంటే మొదటి ఫ్రేము పైన, తర్వాతివి వరసగా కింద. ఇప్పుడు దండలో మల్లెమొగ్గల్లాగా చుక్కలు పెట్టండి. చుక్కకూ చుక్కకూ కచ్చితంగా 19 మి.మీ. ఉంటే తెర మీద చుక్క కదలదు. 18 మి.మీ.కు ఒకటి పెడితే ప్రతి ఫ్రేములోనూ ఒక మి.మీ. పైకి జరుగుతుంది, పదహారు ఫ్రేముల్లో తెర అడుగు నుంచి పైకి చేరుతుంది. 20 మి.మీ.కు ఒకటి పెడితే మెల్లగా దిగుతుంది. బండి చక్రం తెర మీద వెనక్కి తిరిగినట్టు కనబడేది కూడా ఈ కారణంతోనే. ఒక పక్క నుంచి ఇంకో పక్కకు ఏటవాలుగా రెండు మూరల పొడవున గీసిన గీత, రెండు సెకన్లలో తెరకు అడ్డంగా నడుస్తుంది.

ఒక్క ఫ్రేములో గీసింది మెరుపులా తాకుతుంది, ఏమిటో తెలియదు. గుర్తుపట్టాలంటే కనీసం బెత్తెడు ఉండాలి. మెక్‌లారెన్ 1955లో బ్లింకిటీ బ్లాంక్‌ చేసేటప్పుడు నల్ల ఫిలింలో చాలా ఫ్రేములను ఖాళీగా వదిలి, అక్కడొకటి ఇక్కడొకటి గీశాడు. మధ్యలో చీకటిని చూసేవాడి కన్నే పూరిస్తుంది. చేయడానికీ అది సులువు. మూరెడులో ఆరు ఫ్రేములు గీసి పద్దెనిమిది వదిలేయండి. మొదటి ప్రయత్నానికి ఇంతకంటే మంచి కిటుకు లేదు.

గీకడం

నల్ల లీడరును ఎమల్షన్ పైకి ఉండేలా గాడిలో పెట్టండి. పొడిగా గీకితే పూత పెళుసుగా రాలి గీత అంచు చిట్లుతుంది, అదీ ఒక అందమే. నున్నటి గీత కావాలంటే చన్నీళ్లలో తడిపి పిండిన స్పాంజితో రెండు మూడు నిమిషాలు తడిగా ఉంచండి. జెలటిన్ ఉబ్బి మెత్తబడి సూదికి వెన్నలా వస్తుంది. చన్నీళ్లు అన్న మాట ఊరికే అనలేదు. రోహిణి కార్తెలో మిద్దె మీది ట్యాంకు నీళ్లు చెయ్యి పెట్టలేనంతగా కాగి ఉంటాయి. వాటితో తడిపితే పూత మొత్తం బంకలా ఊడి వేలికి వస్తుంది. కుండ నీళ్లు వాడండి.

పనిముట్లకు పెద్ద ఖర్చు లేదు: దబ్బనం, చీర పిన్ను, జామెట్రీ పెట్టెలో వృత్తలేఖిని, బ్లేడు ముక్క, గరుకు కాగితం. లెన్ లై 1958లో ఫ్రీ రాడికల్స్‌కు నల్ల 16 మి.మీ. ఫిలింను సూదులతోనూ రంపపు పళ్లతోనూ గీకాడు. గరుకు కాగితాన్ని ఫిలిం పొడుగునా లాగితే వాన. అడ్డంగా రుద్దితే ఉరుము ముందటి మెరుపు. లాగే ఒత్తిడి చేతిలో మారుతుంటే వాన జోరు మారుతుంది.

రంగు ట్రైలరు దొరికితే ఇంకో సంగతి ఉంది. రంగు ప్రింటులో మూడు పూతలు ఒకదాని మీద ఒకటి ఉంటాయి. అన్నిటికన్నా పైన మెజెంటా, దాని కింద ఆకాశనీలం లాంటి సయాన్, అడుగున పసుపు. బాగా చీకటిగా ఉన్న ఫ్రేము ఎంచుకుని సూదిని తేలిగ్గా, ఈకతో నిమిరినట్టు పోనిస్తే మెజెంటా ఒక్కటే పోయి కింది రెండూ కలిసి ఆకుపచ్చ గీత వస్తుంది. కాస్త నొక్కితే పసుపు. ఇంకా నొక్కితే తెలుపు. ఒకే గీతను ఆకుపచ్చలో మొదలుపెట్టి పసుపు మీదుగా తెలుపులో ముగించొచ్చు, చెయ్యి బరువే కుంచె. ఈ మూడు లోతులూ చేతికి అలవాటు కావాలంటే రెండు మూరల ముక్క పాడు చేసుకోవాల్సిందే. తడిపితే మాత్రం ఈ ఆట చెల్లదు; పూతలు మూడూ మెత్తబడి ఒకేసారి లేచి వస్తాయి. రంగు గీతలకు పొడి ఫిలిమే.

గీతలు తెల్లగా రాకుండా నల్లగా కనబడుతున్నాయంటే మీరు గీకేది బేసు వైపు. అక్కడ పూత పోదు, గరుకైన చోట వెలుతురు చెదిరి నల్లగా పడుతుంది. కావాలని వాడుకోవచ్చు కూడా.

గీకిన పొడిని నోటితో ఊదొద్దు, ఉమ్మి తుంపర పడితే జెలటిన్ మీద మచ్చవుతుంది. మెత్తటి కుంచెతో దులపండి.

హ్యాక్సా బ్లేడుతో శబ్దం

ప్రింటులో ఒక పక్క రంధ్రాలకూ బొమ్మకూ నడుమ రెండున్నర మి.మీ. సన్నటి దారి కనబడుతుంది, అలలు అలలుగా. అదే సౌండ్ ట్రాకు. దాని గుండా పోయే వెలుతురు ఎక్కువ తక్కువలను ప్రొజెక్టరు శబ్దంగా మారుస్తుంది. అంటే ఆ దారిలో అడ్డగీతలు గీస్తే శబ్దం వస్తుంది. మెక్‌లారెన్ 1940లో డాట్స్‌కు బొమ్మతో పాటు శబ్దాన్నీ కలంతోనే గీశాడు.

లెక్క తేలిక. సెకనుకు పద్దెనిమిది అంగుళాల ఫిలిం పోతుంది. అంగుళానికి ఎన్ని గీతలుంటే దాన్ని 18తో గుణించండి, అది సెకనుకు కంపనాల సంఖ్య. ఇప్పుడు హార్డ్‌వేర్ కొట్లో హ్యాక్సా బ్లేడు అడగండి. అంగుళానికి 18 పళ్లది, 24 పళ్లది, 32 పళ్లది దొరుకుతాయి. నల్ల లీడరు మీద బ్లేడు పళ్లను సౌండ్ ట్రాకు దారి వెంబడి ఆనించి, రెండున్నర మి.మీ. మేర అడ్డంగా ఒక్క లాగు లాగితే పళ్లన్నీ ఒకేసారి గీతలు పెడతాయి. 18 పళ్ల బ్లేడు 324 కంపనాలు, 24 పళ్లది 432, 32 పళ్లది 576. సంగీతం తెలిసినవాళ్లకు: 18 పళ్లదాన్ని షడ్జమం అనుకుంటే 24 పళ్లది శుద్ధ మధ్యమం. నిష్పత్తి సరిగ్గా మూడుకు నాలుగు. బ్లేడు కొన్న అంగడిలో ఈ మాట చెప్పకండి, నవ్వుతారు.

పళ్లు అటూ ఇటూ వంకరగా ఉంటాయి కాబట్టి స్వరం శుద్ధంగా రాదు, గరగరమంటుంది. జానెడు పొడవు గీస్తే అర సెకను మోగుతుంది. అంతకంటే తక్కువ ముక్కలుగా, మధ్యలో ఖాళీలు వదిలితే తాళం పుడుతుంది. బొమ్మ వైపు గీకు జారితే తెర అంచున మెరుస్తుంది. దారికి బొమ్మ వైపున పాత ఎక్స్‌రే షీటు పట్టీ అడ్డం పెట్టండి.

ప్రొజెక్టరు మీద వేసే ఉద్దేశం ఉంటే ఒకటి గుర్తుంచుకోండి. శబ్దం చదివే చోటు బొమ్మ చూపే గేటుకు దిగువన ఉంటుంది, అందుకని శబ్దాన్ని దాని బొమ్మ కన్నా 21 ఫ్రేములు ముందుకు, అంటే రీలు మొదటి వైపుకు గీయాలి. 16 మి.మీ.లో అది 26 ఫ్రేములు. ప్రొజెక్టరు లేకపోతే ఫ్రేములతో పాటు ఆ దారిని కూడా ఫొటో తీసి, ఏఈఓ-లైట్ అనే ఉచిత సాఫ్ట్‌వేరుకు ఇస్తే అది బొమ్మ నుంచి శబ్దం తీస్తుంది. ఫొటోలు నిగ్గుగా, గీతలు విడివిడిగా కనబడాలి.

రంగు వేయడం

రంగుకు పారదర్శకమైన ఫిలిం కావాలి. ట్రైలరు పూతను బ్లీచుతో తీసేయొచ్చు. ప్లాస్టిక్ తొట్టిలో ఒక వంతు లిక్విడ్ బ్లీచు, మూడు వంతుల నీళ్లు. చేతులకు రబ్బరు తొడుగులు వేసుకుని, పెరట్లోనో మిద్దె మీదో చేయండి, గదిలో వద్దు. ఒకటి రెండు నిమిషాల్లో పూత కరగడం మొదలవుతుంది. స్పాంజితో తుడిచి, రెండుసార్లు మంచినీళ్లలో ముంచి, బట్టల క్లిప్పులతో నీడలో ఆరేయండి. నీళ్లలో వేసే బ్లీచింగ్ పొడి అయితే కలిపి తేరనిచ్చి పైనీళ్లే వాడాలి, అడుగున మిగిలే సున్నపు రేణువులు బేసును గీకేస్తాయి. బాత్రూం కడిగే యాసిడ్ దగ్గర్లో కూడా ఉండకూడదు. బ్లీచులో పడితే క్లోరిన్ వాయువు లేస్తుంది.

పూత పోయిన బేసు మీద నీటి రంగు తామరాకు మీద నీళ్లలా గుండ్లు గుండ్లుగా నిలబడుతుంది. దానికి స్పిరిట్ ఆధారపు పర్మనెంట్ మార్కర్లు, గాజు పెయింటు కావాలి. చిక్కటి నల్ల ఇండియన్ ఇంకు వాడాలంటే గిన్నెలు తోమే ద్రవం ఒక చుక్క కలపండి, పరుచుకుంటుంది. ఎక్కువైతే ఆరదు.

పూత ఉన్న ఫిలిం మీదైతే లెక్క తిరగబడుతుంది. ఆకాశమో తెల్ల గోడో ఉన్న లేత ఫ్రేములు ఎంచుకుంటే జెలటిన్ నీటి రంగును తాగుతుంది. పట్టుకు వేసే యాసిడ్ రంగులు ఇక్కడ బ్రహ్మాండంగా పడతాయి, ఎందుకంటే పట్టు ఎలాంటి మాంసకృత్తో జెలటిన్ కూడా అలాంటిదే. వెంకటగిరి వైపు, చీరాల వైపు రంగుల అంగళ్లలో పొట్లాలు దొరుకుతాయి. నూలుకు వేసే రంగు అడగొద్దు, అది వేరు, ఇంత గట్టిగా పట్టదు. పావు చెంచా పొడి, అర గ్లాసు చల్లారిన నీళ్లు, నాలుగు చుక్కల వెనిగర్. కుంచె కన్నా నూలు గుడ్డ ముడి, స్పాంజి ముక్క, లేసు పట్టీ బాగుంటాయి. మెక్‌లారెన్, ఎవలిన్ లాంబార్ట్ 1949లో ఆస్కార్ పీటర్సన్ పియానోకు బొమ్మ కట్టినప్పుడు ఫ్రేము హద్దులు పట్టించుకోకుండా పొడుగునా రంగు పూసి దాని మీద లేసులాంటివి అద్దారు. జరీ అంచు చీర కొంగు ముక్కను తడి రంగు మీద అద్ది చూడండి. నేత గళ్ల దూరం 19 మి.మీ.కు సరిగ్గా భాగించబడదు గనక బుటా తెర మీద తనంతట తానే పైకో కిందికో పాకుతుంది.

రంగు ఆరకముందే చుడితే పొరలు అతుక్కుంటాయి. రాత్రంతా వేలాడదీయండి. మైపాడు, కొత్తపట్నం లాంటి సముద్రపు ఊళ్లలో రెండు రాత్రులు.

ఉసిళ్ల రెక్కలు, అభ్రకం

బ్రాకేజ్ పురుగుల రెక్కలు ఏరాడు. మనకు వాన కురిసిన రాత్రి వీధి దీపం కింద ఉసిళ్లు రాల్చిన రెక్కలు పొద్దున్నే చీపురుకు వస్తాయి. పొడవు ఒక ఫ్రేములో ఇమిడేంత, ఈనెలు కనబడేంత పల్చన. వాటితో పాటు ఉల్లిపొర, ఆరిన రొయ్య పొట్టు, వేపపూల రేకులు, సరుగుడు ఆకు. పచ్చివి పెడితే టేపు కింద తేమ చేరి వారంలో బూజు పడుతుంది. పాత పేపర్ల మధ్య బరువు కింద వారం ఆరబెట్టినవే వాడండి.

బ్లీచు చేసిన ఫిలింను గాడిలో పెట్టి, రెక్కలు పేర్చి, మీద 24 మి.మీ. వెడల్పు పారదర్శక టేపు వేయండి. రెండు వరసల రంధ్రాల లోపలి అంచుల మధ్య దూరం పాతిక మి.మీ. పైచిలుకు, కాబట్టి ఈ టేపు రంధ్రాలను మూయకుండా సరిగ్గా కూర్చుంటుంది. జానెడు జానెడుగా వేస్తూ, వేలిగోరుతో కాక మెత్తటి గుడ్డతో మధ్య నుంచి అంచులకు ఒత్తితే బుడగలు పోతాయి. రొయ్య పొట్టు లాంటి మందమైనవి ఉన్న ముక్కను ప్రొజెక్టరుకు ఎక్కించకండి, గేటులో ఇరుక్కుంటుంది.

పాత నెల్లూరు జిల్లా అభ్రకానికి పేరు. గూడూరు, సైదాపురం వైపు గనుల నేలలో పెచ్చులు ఇప్పటికీ మెరుస్తుంటాయి. బ్లేడు కొసతో పెచ్చును పొరలుగా విడదీయండి, కాగితం కన్నా పల్చగా వస్తుంది. పొడి ఊపిరితిత్తుల్లోకి పోకుండా ముక్కుకు గుడ్డ కట్టుకోండి. మామూలు వెలుతురులో అభ్రకం ఉత్త గాజులా ఉంటుంది. లైటు బల్లకు బదులు ఎల్‌సీడీ కంప్యూటర్ తెర మీద తెల్ల పేజీ తెరిచి దాని మీద ఫిలిం పెట్టండి. కెమెరా కటకానికి పోలరైజింగ్ ఫిల్టరు తగిలించి తెర నల్లబడేదాకా తిప్పండి. అభ్రకం పెచ్చు మాత్రం ఊదా, పసుపు, ఆకుపచ్చ రంగుల్లో వెలుగుతుంది. పొర మందం మారితే రంగు మారుతుంది, పెచ్చును తిప్పితే వెలుగు మారుతుంది. ఎసిటేటు మీదే ఇది శుభ్రంగా వస్తుంది. పాలిస్టర్ బేసుకు సొంత రంగుల గోల ఉంది. టేపుకూ కొంత ఉంటుంది గానీ అంతటా ఒకే తీరుగా ఉంటుంది కాబట్టి అది నేపథ్యమైపోతుంది.

అతుకులు

ఫ్రేము గీత మీదే కోయాలి, నడుమ కోస్తే బొమ్మ ఎగురుతుంది. ఎసిటేటును ఫిలిం సిమెంటు అనే జిగురుతో అతకొచ్చు: ఒక కొసన రెండు మి.మీ. మేర పూత గీకేసి, సిమెంటు రాసి, రెండో కొసను పెట్టి ఇరవై సెకన్లు నొక్కాలి. పూత గీకకపోతే అతకదు, సిమెంటు కరిగించేది బేసును, జెలటిన్‌ను కాదు. పాలిస్టర్‌కు సిమెంటు ఎన్నడూ పట్టదు, టేపే.

చూడటం, ఫొటో తీయడం

వరస ఎలా ఉందో తొందరగా చూడాలంటే చిన్నప్పటి పద్ధతే: లోపలి తీగ తీసేసిన పాత బల్బులో నీళ్లు నింపి, అద్దంతో ఎండను ఫిలిం ముక్క మీద పడేసి, బల్బు గుండా చీకటి గది గోడ మీదకు. కదలిక తెలియదు, రంగు మాత్రం తెలుస్తుంది.

కదలాలంటే ఫ్రేముకు ఒక ఫొటో. గాడి పలక పైన కెమెరాను నిటారుగా బిగించండి, మాక్రో కటకం ఉన్న ఫోను కూడా చాలు. నల్ల అట్టలో 22 × 16 మి.మీ. కిటికీ కోసి ఫ్రేము మీద పెట్టండి. లేకపోతే చుట్టూ వెలుతురు చిమ్మి నలుపు బూడిదవుతుంది. శబ్దం కూడా కావాలంటే కిటికీ వెడల్పు 25 మి.మీ., ఎత్తు 19 మి.మీ. ఫోకస్, ఎక్స్‌పోజర్, వైట్ బ్యాలెన్స్ మూడూ తాళం వేయండి. ఆటోలో వదిలేస్తే ఒక్కో ఫ్రేముకు ఒక్కో వెలుగు వచ్చి సినిమా అంతా కొట్టుకుంటుంది. చవక ఎల్‌ఈడీ బల్బు మన కరెంటుకు సెకనుకు వందసార్లు మిణుకుతుంది, కాబట్టి షట్టరు 1/50 లేదా 1/25 పెట్టండి. 1/400 పెడితే ఫొటోలో చారలు. ఫొటో తీయండి, ఫిలిం ఎత్తి నాలుగు రంధ్రాలు జరిపి మేకులకు దించండి, మళ్లీ తీయండి. బటన్ చేత్తో నొక్కితే కెమెరా కదులుతుంది, ఇయర్‌ఫోన్ బటన్ వాడండి.

ఫైళ్ల పేర్లు 0001 నుంచి 0480 దాకా నాలుగంకెల్లో ఉండాలి. 1, 2, 10 అని పెడితే కొన్ని సాఫ్ట్‌వేర్లు 1 తర్వాత 10 పేరుస్తాయి. దవిన్సీ రిజాల్వ్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేరులో ప్రాజెక్టును ముందే 24 ఫ్రేములకు పెట్టి ఇమేజ్ సీక్వెన్సుగా తీసుకోండి. సీక్వెన్సు అని గుర్తించకపోతే ఒక్కో ఫొటోకు అయిదు సెకన్లు ఇచ్చి ఇరవై సెకన్ల సినిమాను నలభై నిమిషాలు చేస్తుంది.

ఇలాంటి బొమ్మ మినుకుమినుకుమంటుంది. సెకనుకు మూడు మెరుపులు దాటితే మూర్ఛ ఉన్నవాళ్లకు ప్రమాదం, మొదట్లో అయిదు మూరల హెచ్చరిక పెట్టండి. వాట్సాప్‌లో మామూలుగా పంపితే కుదింపులో గీతలన్నీ గళ్లు గళ్లుగా నలిగిపోతాయి, ఎందుకంటే పక్క పక్క ఫ్రేముల్లో ఒకే బొమ్మ ఉంటుందన్న నమ్మకం మీదే ఆ కుదింపు నడుస్తుంది. డాక్యుమెంటుగా పంపండి.

అసలు ఫిలింను ఎమల్షన్ లోపలికి వచ్చేలా వదులుగా చుట్టి, చెప్పుల పెట్టెల్లో వచ్చే సిలికా జెల్ పొట్లాలతో డబ్బాలో పెట్టండి. మనకు వానలు అక్టోబరు నుంచి డిసెంబరు దాకా. జెలటిన్‌కు బూజు పట్టేది అప్పుడే. పని జనవరి, ఫిబ్రవరిలో పెట్టుకుని, వినాయక చవితి దాటాక ఒకసారి డబ్బా విప్పి గాలాడనిచ్చి, పొట్లాలు మార్చి మూసేయండి.